స్కోబెలెవోలో పూల పొద్దు

బల్గేరియాలో గులాబీలు పండే పల్లె స్కోబెలెవో. మే ఆఖరి వారం. తెల్లవారుజామున ఐదు దాటింది. ఊరి వెనక స్టారా ప్లానినా కొండలు ఇంకా నల్లగానే ఉన్నాయి, తోటల్లో మాత్రం సాళ్ల మధ్య తలగుడ్డలు కదులుతున్నాయి. ఉత్తరాన ఈ కొండలు, దక్షిణాన స్రెడ్నా గోరా, నడుమ తుంజా నది. చలిగాలిని పెద్ద కొండ ఆపుతుంది. నీరు నిలవని తేలిక నేల, మేలో చినుకులు, రాత్రి మంచు. బల్గేరియాలో నూనె తీసే డమాస్క్ గులాబీ ఈ లోయనే పట్టుకుని ఉండటానికి కారణం ఇదే. ఏడాదికి ఒక్క కాపు, మూడు నాలుగు వారాలు.

పువ్వును తొడిమ కింద రెండువేళ్లతో పట్టి పక్కకు విరవాలి. రేకులు పీకకూడదు, ఆకు రాకూడదు. సగం విచ్చి గిన్నెలా ఉన్నదే మంచిది. నిన్న విచ్చింది చెయ్యి తగిలితే రాలిపోతుంది, అందుకే ప్రతి పొదా రోజూ తిరగాలి. పువ్వు బరువు రెండు మూడు గ్రాములు. కిలో నూనెకు మూడున్నర టన్నుల దాకా పూలు కావాలి, అంటే పది లక్షలకు పైనే, అన్నీ చేత్తోనే. కోసేవాళ్లలో చాలామంది రోమా (జిప్సీ) కుటుంబాలవాళ్లు. కూలి కిలో లెక్కన.

ఎండెక్కేకొద్దీ పువ్వులో నూనె తగ్గిపోతుంది, పదికల్లా కోత ఆపేస్తారు. వేడిగాలి వీచిన రోజు పూలన్నీ ఒక్కసారే విచ్చుకుంటాయి. చేతులు చాలవు, నూనె తీసే బట్టీ దగ్గర బస్తాలు పేరుకుపోతాయి. చెడేది అక్కడే. కుక్కి నింపిన బస్తా మధ్యలోకి చెయ్యి పెడితే వెచ్చగా తగులుతుంది, పూలు పులియడం మొదలైందన్నమాట. ఇక నూనె తగ్గుతుంది, వాసన మారుతుంది. బస్తా వదులుగా నింపి, నీడన పెట్టి, అదేరోజు బట్టీ ఎక్కించాలి.

కాగులో పూలు ఒక పాలు, నీళ్లు నాలుగు పాళ్లు. రెండు రెండున్నర గంటలు కాగాక ఆవిరి చల్లారి దిగిన నీటిమీద తేలే నూనె కొంచెమే. ఎక్కువ భాగం ఆ నీళ్లలోనే దాగుంటుంది. వాటిని మళ్లీ బట్టీ పడితేనే చేతికొస్తుంది. మిగిలేది పన్నీరు. గది చల్లబడితే నూనె గడ్డకడుతుంది, సీసాను అరచేతిలో పట్టుకుంటే కరుగుతుంది. ఒకప్పుడు దీన్ని కల్తీ చేయడానికి మన ఖాందేశ్‌లో గడ్డి నుంచి తీసే పామరోజా నూనె బొంబాయి మీదుగా ఇస్తాంబుల్ చేరేది. పక్కనున్న పట్టణం కజాన్‌లక్. తుర్కీలో కజాన్ అంటే కాగు.

మధ్యాహ్నానికి వీధులు ఖాళీ. గుమ్మాలకూ స్తంభాలకూ పోయినవాళ్ల ఫొటోలతో నెక్రొలోగ్ కాగితాలు, కొన్ని ఏళ్లనాటివి. 1985లో దేశ జనాభా 89 లక్షలు, 2021కి 65 లక్షలు. పల్లెల్లో ఆ లోటు తాళం వేసిన ఇళ్లలో కనిపిస్తుంది. కమ్యూనిస్టుల కాలపు సహకార సాగు పోయి, 1991 చట్టంతో పాత యజమానుల వారసులకు భూమి తిరిగొచ్చింది, ముక్కలు ముక్కలుగా. కొలత దెకార్, మన లెక్కలో పావెకరం. వారసుడు రాజధాని సోఫియాలోనో జర్మనీలోనో ఉంటాడు, దున్నేది కౌలుదారు. బట్టీలు ఎన్నైనా పెట్టవచ్చు, వేకువన వంగే నడుములు ఎక్కణ్ణుంచి తెస్తారు? ఈ తోటల అసలు కష్టం ఇదే అనిపిస్తుంది.

సాయంత్రం, ద్రాక్ష పందిరి కింద ఒక బాబా. బాబా అంటే ఇక్కడ అవ్వ. పళ్లెం నిండా రేకులు. ప్రతి రేకు అడుగునా ఉన్న తెల్ల మొదలు చేదని కత్తెరతో తీసేస్తోంది. తర్వాత పంచదార, చిటికెడు నిమ్మఉప్పు చల్లి రెండు చేతులా నలిపింది. వెలిసిన గులాబీరంగు చూస్తుండగానే ముదురు ఎరుపుకి తిరిగింది. ఆ ముద్ద రాత్రంతా మూతపెట్టి ఉంటుంది, రేపు కోత అయ్యాక పాకంలో పడుతుంది.