చుక్కకూరలో చుక్కలేవీ?

పప్పుగిన్నె పక్కకు తోసేసి మా పాప అడిగింది: "చుక్కకూర అన్నావు, చుక్కలేవీ?" చుక్కంటే ఆకాశంలో మెరిసేదని నేర్పింది మనమే, అడగడం న్యాయమే. ఆ కూరకూ ఆ చుక్కలకూ చుట్టరికం లేదు. సంస్కృతంలో చుక్రమంటే పులుపు, పుల్లటి ఆకు. అదే నోట్లో నలిగి చుక్క అయింది.

ఆకాశంలో చుక్క ద్రావిడ మాట. హిందూపురం దాటి కన్నడదేశంలో అడుగుపెట్టినా చుక్కి అనే అంటారు. నక్షత్రానికీ అదే, గుర్తుకూ అదే. మనం పోలియో మందుకూ, పసిబిడ్డ బుగ్గన పెట్టే దిష్టికాటుకకూ కూడా వాడతాం. వేగుచుక్క మాత్రం నక్షత్రం కాదు, శుక్రగ్రహం. శుక్రుడు ఎదురుగా ఉంటే ప్రయాణం కూడదన్న నమ్మకంలోంచే చుక్కెదురు పుట్టింది. పెద్దలు సాయంత్రం వేసే చుక్క సంగతి పిల్లలు అడిగినప్పుడు చూసుకోవచ్చు.

ఇక్కడ, ఈ పరాయిదేశంలో, పిల్లల ముక్కు మీద గోధుమరంగులో ఉండే ఫ్రెకిల్స్‌ను మచ్చలనకండి. మచ్చలో కళంకం కూడా ఉంది. చుక్కలంటే ఎవరి మనసూ నొచ్చుకోదు.

మాట నోటికి పట్టాలంటే ముగ్గు పెట్టించడం మేలు. సందుచుక్క, 7 నుంచి 4. ముందు నడిమి వరుసలో 7 చుక్కలు, బెత్తెడు ఎడంతో. కొలత పిల్ల బెత్తెడే. పైన 6, 5, 4. కింద కూడా అంతే. ప్రతి చుక్కా ముందు వరుసలోని రెండు చుక్కల సందున పడాలి. మొత్తం 37. చివరి నుంచి మొదలుపెడితే వంకర ఎక్కడ వచ్చిందో కనిపించదు, నడుమ నుంచయితే వెంటనే తెలుస్తుంది. మెలికల గీత చుక్కను తాకకుండా చుట్టి, బయల్దేరిన చోటికే రావాలి. కడప నల్లరాయి మీద సన్నగీతైనా కనబడుతుంది. ఇక్కడి సిమెంటు నేల మీద పిండి వెలవెలబోతుంది, లావు చాక్‌పీసే నయం. బియ్యప్పిండి తేమ తగిలితే వేళ్లకు ఉండకడుతుంది.

ఇదంతా పెట్టించాక కూడా పిల్ల చుక్క అంటుందో లేదో. "స్టార్ కాదు, చుక్క అను" అని పట్టుబట్టేదీ మనమే, వంటింట్లోంచి "డాట్స్ పెట్టావా?" అని కేకేసేదీ మనమే. ఏ మాట వినాలో తేల్చుకోవాల్సింది ఏడేళ్ల పిల్లా?