రాళ్ల ప్రొఫెసరు భార్య రాసిన నవలలు

ఇంగ్లీషు రచయిత్రి మేరీ స్టీవర్ట్ మొదటి నవలలో కథానాయిక కారు నడిపే తీరు చూస్తే ఎవరికైనా అసూయ పుడుతుంది. ఆమె పేరు చారిటీ సెల్బోర్న్. చిన్న వయసులోనే భర్త పోయాడు, యుద్ధంలో విమానం నడుపుతూ. వేసవి సెలవులకని ఫ్రాన్సు దక్షిణాన అవిన్యోన్ వస్తుంది. హత్య చేశాడని అందరూ చెప్పుకునే మనిషి వెంటపడితే, ఎండకు కాగిపోతున్న ఆ రోడ్ల మీద కారును ఉరికిస్తుంది. ఆ విద్య పోయిన మొగుడు నేర్పిందే. 'మేడమ్, విల్ యూ టాక్?' అనే ఆ పుస్తకం 1955లో వచ్చింది. నేను చదివేనాటికి కూడా మా తిరుపతిలో ఆడమనిషి లూనా మోపెడ్ మీద పోతుంటే బాలాజీ కాలనీ అంతా తిరిగి చూసేది.

పుస్తకం తెచ్చింది మా ఆయన. మద్రాసు మూర్ మార్కెట్టు 1985లో కాలిపోకముందు, ఆ ఊరికి ఏ పని మీద పోయినా అక్కడ ఒక పూట గడపందే ఆయన తిరిగొచ్చేవారు కాదు. తనకోసం రాళ్ల పుస్తకాలు, నాకోసం నవలలు. "నువ్వు ఇంగ్లీషు పాఠాలు చెప్తావు గదా, పనికొస్తాయని తెచ్చినా" అనేవారు. అట్ట మీద జుట్టు విరబోసుకుని పరుగెత్తే అమ్మాయి, ఆ వెనక చీకట్లో కోట. కాలేజీ స్టాఫ్ రూములో బల్ల మీద పెడితే ఒక పెద్ద మేడమ్ చూసి, "ఏమ్మా, నువ్వు కూడా ఇట్లాంటివి చదువుతావా?" అన్నారు.

ఇట్లాంటివి రాసినావిడ 1938లో డరమ్ విశ్వవిద్యాలయంలో ఇంగ్లీషు ఫస్ట్ క్లాసులో పాసై, తర్వాత అక్కడే పాఠాలు చెప్పింది. పుట్టింది 1916లో, సండర్లాండ్‌లో. తండ్రి చర్చి పాస్టరు. పెళ్లికి ముందు పేరు మేరీ రెయిన్‌బో. నవలల మీద ఆ పేరే వేసుకుని ఉంటే కలం పేరు కాదంటే ఎవరూ నమ్మేవాళ్లు కాదు. 1945లో యూరప్‌లో యుద్ధం ముగిసిన సంబరాల్లో, డరమ్‌లో జరిగిన ఒక పార్టీలో ఫ్రెడరిక్ స్టీవర్ట్ పరిచయమయ్యాడు. మూడు నెలల్లో పెళ్లి. ఆమె నవలల్లో నాలుగు రోజుల పరిచయానికే పెళ్లి మాట వచ్చేస్తుందని నేను విసుక్కుంటుంటాను. సొంత కథే అట్లున్నప్పుడు ఆమెను అనేదేముంది!

ఫ్రెడరిక్ జియాలజిస్టు, అంటే రాళ్ల శాస్త్రవేత్త. 1956లో ఎడిన్‌బరో విశ్వవిద్యాలయంలో ప్రొఫెసరు పదవి వచ్చి, దంపతులు స్కాట్లండ్‌కు మారిపోయారు. ఈ సంగతి తెలిసిన రోజు మా ఆయన ముఖం చూడాలి. ఆయన పనిచేసింది మన ఎస్.వి. యూనివర్సిటీ జియాలజీ డిపార్టుమెంటులో. "చూసినావా, రాళ్లోడి పెళ్లాలే రాస్తారు" అని నెల రోజులు నన్ను పోరారు. నేను రాయలేదు, అది వేరే సంగతి.

కొండ మీదికి పోయేటప్పుడు బస్సులో అందరూ గోవిందా అంటుంటే, ఈయన నా భుజం తట్టి కిటికీలోంచి రాళ్లు చూపించేవారు. కింద పాత రాయి, పైన ఎంతో తర్వాత ఏర్పడిన క్వార్ట్జైటు అనే రాయి, మధ్యలో ఒక గీత. ఆ గీతలో, అంటే కింది రాయికీ పై రాయికీ మధ్య, దాదాపు 80 కోట్ల సంవత్సరాలు లెక్క తెలియకుండా పోయాయట. మెట్ల దారిన నడిచినా ఇదే పాఠం. శిలాతోరణం దగ్గర ఫోటో దిగుదామంటే ముందు దాని వయసు వినాల్సిందే. ఇట్లాంటి మనిషితో కాపురం చేసిన నాకు, మేరీ స్టీవర్ట్ వర్ణనలు ఎక్కడినుంచి వచ్చాయో అర్థమైనట్టే ఉంటుంది. ఆమె కొండను అందంగా ఉందని చెప్పి వదిలేయదు. ఎటు జారుతుంది, ఏ గడ్డి మొలుస్తుంది, మంచు దిగితే దారి ఎట్లా మాయమవుతుంది, అన్నీ చెప్తుంది. రెండో నవల 'వైల్డ్‌ఫైర్ ఎట్ మిడ్‌నైట్' స్కాట్లండ్ స్కై దీవిలో, 1953లో ఎవరెస్టు ఎక్కిన రోజుల్లో నడుస్తుంది. కొండలెక్కడానికి వచ్చినవాళ్లు దిగిన ఒక హోటల్, వాళ్లలో ఒక హంతకుడు. అక్కడికే కథానాయిక మాజీ భర్త కూడా దిగుతాడు. ఆమెకు అతని మీదా అనుమానమే.

అసలు ఆమె థ్రిల్లర్లన్నీ ఈ అనుమానం మీదే నడుస్తాయి. హంతకుడెవరో కనిపెట్టడం నాకు పెద్ద కష్టమనిపించలేదు, సగం పుస్తకానికే తెలిసిపోతుంది. నన్ను కూర్చోబెట్టింది వేరే ప్రశ్న: మనసుకు నచ్చిన మనిషిని నమ్మొచ్చా? 1958 నాటి 'నైన్ కోచెస్ వెయిటింగ్' చూడండి. లిండా మార్టిన్ అనాథ. తల్లి వైపు ఫ్రెంచి వచ్చినా, రానట్టు నటించి ఫ్రాన్సు కొండల్లో ఒక పెద్ద భవనంలో పిల్లవాడికి పాఠాలు చెప్పే పనిలో చేరుతుంది. వాడు ఫిలిప్, తొమ్మిదేళ్లవాడు, ఆస్తికి వారసుడు. వాడు చనిపోతే ఆస్తి చక్రాల కుర్చీలో తిరిగే చిన్నాన్నకు పోతుంది. ఆ చిన్నాన్న కొడుకు రౌల్‌తో లిండా ప్రేమలో పడుతుంది. పిల్లవాడి ప్రాణానికి ముప్పుందని తెలిసిన రాత్రి ఆమె రౌల్ దగ్గరికి పరుగెత్తదు. అతను మంచివాడే అయి ఉండొచ్చు, అయినా ఆ 'అయి ఉండొచ్చు' మీద ఒక పిల్లవాడి ప్రాణం పెట్టలేనని వాణ్ణి తీసుకుని చీకట్లో అడవిలోకి వెళ్లిపోతుంది. మన వారపత్రికల సీరియళ్లలో ప్రేమ అంటే అనుమానించకపోవడమే అని చదువుకుంటూ పెరిగినదాన్ని. ఆ పేజీలు చదివి పుస్తకం మూసి కాసేపు ఊరికే కూర్చున్నాను.

నచ్చనివీ ఉన్నాయి. అందరూ తెగ సిగరెట్లు కాలుస్తారు. భయమేసినా సిగరెట్టే, ప్రేమ పుట్టినా సిగరెట్టే. గ్రీసు, లెబనాన్ మనుషులు కొన్నిచోట్ల ఇంగ్లీషు టూరిస్టు కెమెరాలో పడినట్టే ఉంటారు. లెబనాన్ కథ 'ది గేబ్రియల్ హౌండ్స్' నాకు అందుకే అంతగా ఎక్కలేదు. క్రీట్ దీవి కథ 'ది మూన్-స్పిన్నర్స్'ను డిస్నీ వాళ్లు 1964లో సినిమా తీశారు. దాంతో ఆమె పేరు ఇంకా పాకింది.

1967 నాటికి ఇట్లాంటివి పది నవలలు. ఏ పబ్లిషరైనా పదకొండోది కూడా అట్లాంటిదే అడుగుతాడు. యాభై దాటిన ఈవిడ మాత్రం 1970లో ఐదో శతాబ్దపు బ్రిటన్‌కు వెళ్లిపోయి, ఆర్థర్ రాజు కథలోని మాంత్రికుడు మెర్లిన్ గొంతుతో 'ది క్రిస్టల్ కేవ్' రాసింది. కారు లేదు, హోటల్ లేదు, పెళ్లి మాట లేదు. తండ్రెవరో తెలియని ఒక కుర్రవాడు తాత కొలువులో భయంభయంగా పెరగడంతో మొదలవుతుంది. ఇంగ్లండులో నిలువు రాళ్లు వలయంగా పేర్చిన ప్రాచీన కట్టడం స్టోన్‌హెంజ్. పాత కథల్లో మెర్లిన్ మంత్రంతో స్టోన్‌హెంజ్ రాళ్లు కదిలిస్తాడు. ఈమె మెర్లిన్ ఇంజనీరింగు నేర్చుకుని, లెక్కలు కట్టి రాయిని తెచ్చి నిలబెడతాడు. అది చదివించాక మా ఆయన ఊరుకోలేదు. అక్కడి చిన్న రాళ్లు వేల్స్‌లోని ప్రెసెలీ కొండలవని 1923లోనే ఒక జియాలజిస్టు తేల్చాడని, కథలో చెప్పినట్టు ఐర్లండువి కావని వాదనకు దిగారు. నవలయ్యా సామీ, అన్నాను. ఆ వరసలో 1973లో ఒకటి, 1979లో ఒకటి వచ్చాయి. 1983లో ఆర్థర్ కొడుకు మోర్డ్రెడ్ కథ రాసింది. అందరూ ద్రోహి అనే వాడి పక్షాన నిలబడి రాయడం నాకు మెర్లిన్ పుస్తకాలకంటే ఎక్కువ నచ్చింది. ఇది మా ఇంట్లో ఎవరూ ఒప్పుకోరు.

1974లో ఫ్రెడరిక్‌కు 'సర్' బిరుదొచ్చింది. దాంతో ఆమె లేడీ స్టీవర్ట్ అయినా, పుస్తకాల మీద మాత్రం ఉత్త మేరీ స్టీవర్ట్‌గానే ఉండిపోయింది. చివరి నవల 'రోజ్ కాటేజ్' 1997లో వచ్చింది. అప్పటికి హత్యలూ పరుగులూ తగ్గి, ఇల్లూ తోటా మిగిలాయి. నాకవి కాస్త చప్పగా అనిపించాయి. భర్త 2001లో పోయారు, ఆమె 2014 మేలో, 97 ఏళ్ల వయసులో.

కొత్తగా చదవాలనుకునేవాళ్లు 'నైన్ కోచెస్'తో మొదలుపెట్టండి. ఆమె ఇంకో నవల 'ది ఐవీ ట్రీ' మాత్రం చదవకముందు దాని గురించి ఎవరినీ ఏమీ అడగొద్దు, నెట్‌లో వెతకొద్దు. చిత్తూరులో ఉండే మా చెల్లెలు ఫోన్లో కూరల ధరలు మాట్లాడుతూ మాట్లాడుతూ దాని గుట్టంతా చెప్పేసింది.