పేరు ఒకటే, ఫైలు వేరు

పోయిన నెలలో ఒక శుక్రవారం సాయంత్రం, బెంగళూరు మారతహళ్లిలోని మా ఆఫీసులో బిల్లుల అప్లికేషన్ పోస్ట్‌గ్రెస్ అనే డేటాబేస్‌లోకి లాగిన్ కాలేక ఆగిపోయింది. మూడు నెలలకొకసారి పాస్‌వర్డు మార్చాలన్న నిబంధన ప్రకారం ఆ మధ్యాహ్నమే దాన్ని మార్చి, అప్లికేషన్‌ను రీస్టార్ట్ చేశాము కనుక అందరి అనుమానమూ పాస్‌వర్డు మీదికే పోయింది. నా పక్క సీటులో ఉండే కడప కుర్రవాడు అదే మెషీన్ మీద, అదే పాస్‌వర్డుతో డేటాబేస్‌కు ఆదేశాలిచ్చే పీఎస్‌క్యూఎల్ ప్రోగ్రామ్ తెరిచి, "నాకు లాగిన్ అవుతాంది గదన్నా, దానికేం రోగం?" అన్నాడు.

లాగ్‌లో ఉన్నది ఒకే వాక్యం: ఆథెంటికేషన్ మెథడ్ 10 నాట్ సపోర్టెడ్. ఆ 10 ఏదో వెర్షన్ నంబరు అనుకొని అరగంట పోగొట్టుకున్నాము. పోస్ట్‌గ్రెస్ ప్రోటోకాల్‌లో, అంటే సర్వర్‌తో మాట్లాడే నియమాల్లో, అది సాస్ల్ అనే ధ్రువీకరణ పద్ధతికి ఇచ్చిన కోడు. పాస్‌వర్డును నిల్వ చేసి సరిచూసే కొత్త విధానమైన స్క్రామ్ నడిచేది ఆ పద్ధతి మీదే. 2017లో వచ్చిన పోస్ట్‌గ్రెస్ 10తో స్క్రామ్ వచ్చింది. 2021లో వచ్చిన 14 నుంచి, కొత్తగా పెట్టే పాస్‌వర్డులన్నీ డిఫాల్టుగా ఆ రూపంలోనే నిల్వ అవుతాయి. మేము సర్వర్‌ను 14కు మార్చి నెలన్నర అయినా, పాత పాస్‌వర్డు అంతకుముందటి ఎండీ5 రూపంలోనే ఉండిపోయినందువల్ల అంతవరకూ ఏ ఇబ్బందీ బయటపడలేదు.

మా అప్లికేషన్ డేటాబేస్‌తో నేరుగా మాట్లాడదు, లిబ్‌పీక్యూ అనే షేర్డ్ లైబ్రరీ (పలు ప్రోగ్రాములు పంచుకొనే కోడు ఫైలు) ద్వారా మాట్లాడుతుంది. ప్రోగ్రామ్‌లో ఉండేది లిబ్‌పీక్యూ.ఎస్ఓ.5 అన్న పేరు మాత్రమే. ఆ పేరుగల ఫైలును మొదలయ్యేటప్పుడు వెతికి తెచ్చేది లినక్స్ లోడర్. అది సిస్టమ్ ఫోల్డర్ల కంటే ముందు ఎల్‌డీ_లైబ్రరీ_పాత్ అనే వేరియబుల్‌లో చెప్పిన ఫోల్డర్లను చూస్తుంది. ప్రోగ్రామ్‌కు ఏ లైబ్రరీ ఫైళ్లు దొరుకుతాయో చూపే ఎల్‌డీడీని నేను నడిపితే కొత్త ఫైలే కనిపించింది. నేను ఆదేశాలు టైపు చేసే షెల్‌లో ఆ వేరియబుల్ లేదు కాబట్టి దాని జవాబు నా షెల్‌కు మాత్రమే వర్తిస్తుందన్న సంగతి అప్పటికి నాకు తట్టలేదు. చివరికి అప్లికేషన్ ప్రాసెస్ నంబరు పట్టుకొని, ప్రాక్ డైరెక్టరీలో, అది నిజంగా ఎక్కించుకున్న ఫైళ్లను చూపే మ్యాప్స్ ఫైలు తెరిస్తే అసలు దారి దొరికింది: ఎప్పుడో వేసిన ఒక రిపోర్టుల టూలు తన ఫోల్డర్‌లో దాచుకున్న లిబ్‌పీక్యూ.ఎస్ఓ.5.9, అంటే స్క్రామ్ రాకముందు, పోస్ట్‌గ్రెస్ 9.6 కాలం నాటిది. స్టార్టప్ స్క్రిప్టులో ఆ ఫోల్డర్‌ను ఎల్‌డీ_లైబ్రరీ_పాత్‌లో ముందు పెట్టిన లైను ఎవరు రాశారో ఎవరికీ గుర్తు లేదు.

2006లో వచ్చిన పోస్ట్‌గ్రెస్ 8.2 నుంచి ఈ లైబ్రరీ పేరు చివర 5 మారలేదు. పాత ప్రోగ్రాములు మళ్లీ కంపైల్ చేయకుండానే నడుస్తున్నాయంటే అది పోస్ట్‌గ్రెస్ జట్టు క్రమశిక్షణ వల్లనే, అందుకు వారిని మెచ్చుకోవలసిందే. అయితే ఆ 5 హామీ ఇచ్చేది పాత ఫంక్షన్లు పాతవిధంగానే పనిచేస్తాయని మాత్రమే, కొత్త సర్వర్ అడిగేవన్నీ ఆ ఫైలుకు తెలుసునని కాదు. లోడర్‌కు కావలసింది పేరు, అది కుదిరింది కనుక 5.9ను మారుమాట లేకుండా ఎక్కించుకుంది. మా పైథాన్ జాబులు సైకాప్‌జీ2 అనే డేటాబేస్ డ్రైవర్ బైనరీ ప్యాకేజీతో పాటు వచ్చిన సొంత లిబ్‌పీక్యూను వాడుకుంటాయి, జావా సర్వీసులకు జేడీబీసీ డ్రైవరే ప్రోటోకాల్ మాట్లాడుతుంది. ఆ రెండూ చక్కగా నడుస్తుండడంతో లైబ్రరీ వైపు మా చూపే పోలేదు.

స్క్రిప్టులో ఆ లైను తీసేసి, రిపోర్టుల టూలుకు మాత్రమే వర్తించేటట్టు వేరే చిన్న స్క్రిప్టులో పెట్టాము. రాత్రి పదకొండుకు బిల్లులు కదిలాయి. టూలు మాత్రం ఇంకా ఆ 5.9 మీదే ఆధారపడి, ఎండీ5 రూపంలోని పాత పాస్‌వర్డుతోనే నడుస్తోంది. దాని పాస్‌వర్డు మార్చవలసిన తేదీ వచ్చే నెల 12.