మాటలు ఎవరివి

నిద్ర రావడం లేదు, అందుకే ఈ టపా. మధ్యాహ్నం గ్రీకు రచయిత పెట్రోస్ మార్కరిస్ గురించి చెబుతుంటే బావగారు ముద్దపప్పులో నెయ్యి వేసుకుంటూ, "టీవీ సీరియళ్ళు రాసేవాడు కూడా రచయితేనా అమ్మా?" అనేశారు. మా ఆయన కంచంలోంచి తల ఎత్తితే ఒట్టు. మీకు తెలిసిందేగా.

దానికి తోడు ఆ సినిమాల యాప్ ఒకటి. రాత్రి మార్కరిస్ కూడా కలిసి రాసిన గ్రీకు సినిమా ‘ఎటర్నిటీ అండ్ ఎ డే’ మళ్ళీ పెట్టాను, బస్సు పక్కన పసుపు రెయిన్‌కోట్లతో సైకిళ్ళ మీద పోయేవాళ్ళ కోసం. సినిమా పేజీలో దర్శకుడు ఏంజెలోపౌలోస్ ఉన్నాడు, హీరో బ్రూనో గాంజ్ ఉన్నాడు, 1998లో కాన్ చిత్రోత్సవంలో వచ్చిన పెద్ద బహుమతి పామ్ డోర్ ఉంది. రాసినవాళ్ళ పేర్లు మాత్రం లేవు. ఒళ్ళు మండింది.

నాన్న ఉంటే ఆ యాప్‌ని తిట్టిపోసేవారు. ఫస్ట్ షోకి అమ్మ జడ సగంలో ఉండగానే చెప్పులేసుకుని గేటు దగ్గర నిలబడేవారు. టైటిల్స్ పోతే ఆయన లెక్కలో సినిమా పోయినట్టే. చీకట్లో తడుముకుంటూ సీట్లు వెతుక్కుంటుంటే, తెర మీద ‘మాటలు’ అని పడగానే పేరు పైకి చదివేవారు. ముందు వరుసవాళ్ళు వెనక్కి తిరిగి చూసేవారు. అమ్మ కొంగు నోటికి అడ్డం పెట్టుకునేది. ఇంటర్వెల్‌లో మాకు గోళీసోడా కావాలి, ఆయనకేమో ఆ డైలాగ్ ఎందుకు బాగుందో చెప్పాలి.

అసలు మార్కరిస్‌కి అన్యాయం జరిగిందని చించేద్దామని కూర్చున్నాను. ఇప్పుడంత కోపం లేదు. ఆ సినిమా రచనలో ఏంజెలోపౌలోస్‌ది కూడా చెయ్యి ఉంది, తొనీనో గువెర్రాది కూడా. ఏ మాట ఎవరిదో ఎలా తేలుస్తాం? పైగా మార్కరిస్‌కి సొంత ఆస్తి దొరికింది బావగారు ఈసడించిన సీరియల్ దగ్గరే. 90ల మొదట్లో ‘అనాటమీ ఆఫ్ ఎ క్రైమ్’ రాస్తుంటే ఓ అమ్మా నాన్నా బిడ్డా బుర్రలో దూరి కదలనన్నారట. ఇంతలా పీడించేవాడు పళ్ళ డాక్టరైనా అయ్యుండాలి, పోలీసైనా అయ్యుండాలి అనుకుని ఆ తండ్రిని పోలీసు చేశాడట. ఆయనే ఇన్‌స్పెక్టర్ ఖారిటోస్. మొదటి నవల 1995లో వచ్చింది. ఇక అట్ట మీద ఒక్కడి పేరే.

ఆ ఖారిటోస్ రాత్రిళ్ళు మంచమెక్కి నిఘంటువులు చదువుకుంటాడు, పెళ్ళాం ఆద్రియానీ టీవీలో పోలీసు సీరియల్ చూస్తుంటే విసుక్కుంటాడు. టీవీకి రాసి బతికిన మనిషి తన హీరో చేత ఇలా విసుక్కునేలా చేశాడు చూడండి! ఈ ముక్క బావగారికి చెప్పను. ఆయన వైపు మాట్లాడినట్టవుతుంది.