అంధేరీలో మా బావ చొక్కా

మాది ఉదయగిరి పక్కన పల్లె. కొండమీద కోటలోంచి ఎక్కడికో సొరంగం ఉందని మా అవ్వ చెప్పేది, ఎక్కడికవ్వా అంటే ఒక్కోసారి ఒక్కో ఊరు. చూసినోళ్లు ఎవరూ లేరు. కృష్ణదేవరాయలు దాదాపు ఏడాదిన్నర ముట్టడించి 1514లో గజపతుల నుంచి ఆ కోట పట్టుకున్నాడు కదా, సొరంగమే ఉంటే లోపలోళ్లు చల్లగా జారుకోరా అని నా డౌటు.

నిజం సొరంగం మొన్న షిర్డీ వెళ్లొస్తూ దౌలతాబాద్‌లో చూశాను. యాదవుల దేవగిరి అదే, తుగ్లక్ 1327లో రాజధాని మార్చింది కూడా ఇక్కడికే. గైడును మాట్లాడుకుని, కందకం మీద వంతెన దాటి 'అంధేరీ' అనే చీకటి దారిలోకి వెళ్లాం. కొండ తొలిచిన దారి, మెట్లు ఒకటి ఎత్తు, ఒకటి పొట్టి, పరిగెత్తుకొచ్చే శత్రువు బోర్లా పడాలని కావాలనే అలా చెక్కారన్నాడు గైడు. గబ్బిలాల కంపు చెప్పనలవి కాదు, మా బావ కండువా ముక్కుకి చుట్టేశాడు. మధ్యలో గైడు టార్చి ఆర్పేశాడు. ముఖం ముందు పెట్టుకున్న చెయ్యి కూడా కనపడలా.

"బావా, ఉండావా?"

"ఉండాలే, ముందు నా చొక్కా వదులు."

ఒక మలుపులో వెలుతురు కనిపిస్తే హమ్మయ్య అని అటు తిరిగాను, గైడు రెక్క పట్టి ఆపాడు. అది దారి కాదంట, అటు పోయినవాడు నేరుగా కందకంలోకే!

ఇంటికొచ్చి ఫోన్లో ఫొటోలు చూపిస్తే అవ్వ కళ్లజోడు సర్దుకుని, "మనదానికంటే చిన్నదే" అనేసింది.