చెవిలో ఒక గొంతు, చేతిలో మైకు

జర్మనీలోని కొలోన్‌లో పోటీలు జరిగే రోజుల్లో నా పని మధ్యాహ్నం మేకప్ కుర్చీలో మొదలై అర్ధరాత్రి ట్రాములో ముగుస్తుంది. పైకి చూస్తే నేను చేసేది మాట్లాడటమే. కౌంటర్ స్ట్రైక్ అనే కంప్యూటర్ తుపాకుల ఆట ఆడే రెండు జట్లు వేదిక మీద ఉంటాయి. ఆట నడుస్తున్నంతసేపూ ఇద్దరు వ్యాఖ్యాతలు చెబుతూ ఉంటారు. ఆట ఆగినప్పుడల్లా కెమెరా మా బల్ల వైపు తిరుగుతుంది. అక్కడ నాతోపాటు మాజీ ఆటగాళ్లయిన విశ్లేషకులు ఇద్దరు కూర్చుంటారు. వాళ్లకు ఆట నాకంటే వందరెట్లు బాగా తెలుసు. ఎవరిని ఎప్పుడు కదిలించాలో, ఎవరి మాట ఎక్కడ తుంచాలో చూసుకోవడం నా వంతు.

మా చీమకుర్తిలో ఇదొక ఉద్యోగమంటే నమ్మించడం కష్టం. అమ్మాయి ఆన్‌లైన్ గేమ్స్‌లో పనిచేస్తోందని నాన్న చెప్పినప్పుడల్లా ఎదుటివారి ముఖం మారిపోయేదట. వాళ్లను తప్పుపట్టలేను. 2020 సెప్టెంబరులో ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం డబ్బు పెట్టి ఆడే ఆన్‌లైన్ రమ్మీ, పోకర్ లాంటివాటిని నిషేధించింది. అదే నెల 2వ తేదీన కేంద్రం పబ్‌జీ మొబైల్‌ను ఆపేసింది. రెండు వార్తలూ కలగలిసిపోయి ఊళ్లో ఒకటే అర్థం మిగిలింది: ఫోనులో ఆట అంటే ఇల్లు గుల్ల. హాంగ్‌ఝౌ ఆసియా క్రీడల్లో ఈ-స్పోర్ట్స్‌కు, అంటే జట్లు పోటీపడి ఆడే వీడియో గేమ్స్‌కు, పతకాలు ఇచ్చారనీ, 2025 ఆగస్టులో పార్లమెంటు చేసిన చట్టం డబ్బు ఆటలను నిషేధిస్తూనే ఈ-స్పోర్ట్స్‌ను వేరుగా గుర్తించిందనీ ఒకసారి అమ్మకు ఓపిగ్గా వివరించాను. అంతా విని, “అవన్నీ సరేనమ్మా, జీతం నెలనెలా వస్తుందా?” అని అడిగింది.

రాదు. ఆ సంగతి తరవాత చెబుతాను.

మైకు ముందు నిలబడటం ఎలాగో నేను నేర్చుకున్నది కంప్యూటర్ దగ్గర కాదు. మా చిన్న మామయ్య బండలాగుడు పోటీల్లో మైకు పట్టేవాడు. తిరునాళ్లకో సంక్రాంతికో పాలపళ్ల విభాగం నుంచి సీనియర్స్ దాకా ఒంగోలు గిత్తల జతలు ఒకదాని వెనక ఒకటి బరిలోకి దిగేవి. అది ఎన్నో జత, ఎవరిది, ఏ ఊరు, ఎన్ని నిమిషాలు గడిచాయి, ఎన్ని అడుగులు లాగాయి, మొదటి స్థానంలో ఉన్న జతకు ఇంకా ఎంత వెనక ఉన్నాయి, అన్నీ గుక్కతిప్పుకోకుండా చెప్పేవాడు. అతని అసలు ప్రతిభ మాత్రం బండ కదలనప్పుడే బయటపడేది. ఒక జతను విప్పి ఇంకో జతను కాడికి కట్టేలోపు జనం టీ కొట్టుకు వెళ్లిపోకుండా కూర్చోబెట్టాలి. ఆ గిత్తలు పోయినేడాది ఎక్కడ గెలిచాయో, వాటిని మేపే ఆయన ఏమేమి పెడతాడో, వచ్చిన పెద్దలెవరో, బహుమతుల దాతలెవరో అతని నోట కథలై వచ్చేవి. బరి దగ్గరకు ఆడపిల్లలు రావడమే అరుదు. నేను ట్రాక్టర్ తొట్టిలో కూర్చుని వినేదాన్ని.

కొలోన్‌లో మా బృందం వాళ్లు నన్ను మెచ్చుకునేది సరిగ్గా ఈ విషయంలోనే. కౌంటర్ స్ట్రైక్‌లో ఒక్కో రౌండుకు ఒక నిమిషం 55 సెకన్లు. బాంబు పెట్టాక పేలడానికి 40 సెకన్లు. 13 రౌండ్లు ముందు గెలిచినవారిదే మ్యాప్, అంటే ఆటలో తలపడే ఒక్కో చోటు. లెక్క ఇంత కచ్చితంగా ఉన్నా మ్యాచ్ ఎప్పుడు ముగుస్తుందో ఎవరూ చెప్పలేరు. మూడింట రెండు మ్యాప్‌లు గెలవాల్సిన పోటీ గంటన్నరలో అయిపోవచ్చు, నాలుగు గంటలు సాగనూవచ్చు. నడుమ ఒక ఆటగాడి కంప్యూటర్ మొరాయిస్తే అంతా ఆగిపోతుంది. హెడ్‌సెట్‌లో శబ్దం రాదు, మౌసు పలకదు, ఒక్కోసారి సర్వరే పడిపోతుంది. సరిగ్గా అప్పుడే చెవిలోని ఇయర్‌పీస్‌లో ప్రొడ్యూసర్ గొంతు వినిపిస్తుంది: “సాగదీయి.” ఎంతసేపని అడిగితే ఆమెకూ తెలియదు.

సాగదీయడమంటే ఊకదంపుడు కాదు. లాంక్సెస్ అరీనాలో వేలమంది కూర్చుని ఉంటారు, తెరల ముందు ఇంకెందరో. తెలిసిందే మళ్లీ చెబితే చాట్‌లో ఆవలింతల బొమ్మలు వరసకడతాయి. అందుకే ప్రతి మ్యాచ్‌కు ముందు ఒక కాగితం రాసుకుంటాను. ఈ రెండు జట్లు ఇంతకుముందు ఎక్కడ తలపడ్డాయి, ఎవరు ఎవరి పాత జట్టులో ఆడారు, కొత్తగా చేరిన పద్దెనిమిదేళ్ల కుర్రాడు ఏ దేశం వాడు, విశ్లేషకుల్లో ఎవరికి ఎవరితో పాత తగవు ఉంది, అన్నీ అందులో ఉంటాయి. చివరిది అన్నిటికంటే పనికొస్తుంది. ఒకసారి ఆట ఎంతకూ మొదలుకాకపోతే, ఆ పాత తగవును మెల్లగా తట్టాను. ఇద్దరు పెద్దమనుషులు ఎప్పటిదో ఒక సెమీఫైనల్లో పొగబాంబు ఎవరు ఆలస్యంగా వేశారన్న దాని మీద బల్ల గుద్ది మరీ వాదించుకున్నారు. జనం ఈలలు వేశారు. ఈలోగా వెనక ఎవరో కేబుల్ మార్చారు, ఆట మొదలైంది. ఆ రోజు నేను పలికినవి నాలుగైదు వాక్యాలే.

ఇంతకూ చెవిలో ఒక గొంతు వినిపిస్తుండగా నోటితో వేరే మాట చెప్పడం చాలా రోజులు పట్టే విద్య. ప్రొడ్యూసర్ పది నుంచి కిందికి లెక్కపెడుతూ ఉంటుంది. ‘ఒకటి’ దగ్గరకు వచ్చేసరికి మన వాక్యం క్రియతో సహా ముగియాలి. మొదట్లో ఇంటి దగ్గర ఒక చెవిలో రేడియో వార్తలు పెట్టుకుని, ఎదురుగా పుస్తకం పెట్టుకుని పైకి చదువుతూ సాధన చేశాను. పక్క గది అమ్మాయి నాకేదో అయిందనుకుంది.

విజేతను ప్రశ్నించడం వేరే కథ. ఎలా అనిపిస్తోంది అని అడిగితే, బాగుంది అంటారు, అక్కడితో సరి. ఫలానా రౌండులో ముగ్గురు మీద ఒక్కడివే మిగిలినప్పుడు ఎడమకు ఎందుకు వెళ్లావు అని అడిగితే కళ్లు వెలుగుతాయి, వచ్చీరాని ఇంగ్లీషులో ఐనా చెప్పేస్తారు. బ్రెజిల్ వాళ్లూ, ఉక్రెయిన్ వాళ్లూ, మంగోలియా వాళ్లూ వస్తారు. నాదీ నేర్చుకున్న ఇంగ్లీషే కాబట్టి చిన్న వాక్యాలతో అడుగుతాను. ఇంగ్లీషు పుట్టుభాషైన హోస్టుల కంటే నాతో వాళ్లు ఎక్కువ మాట్లాడతారని మా వాళ్లే అన్నారు. వేగం మాత్రం తగ్గించుకోవలసి వచ్చింది. మామయ్య వేగం యూరపు చెవులకు ఆనదు.

కొలోన్‌కు రావడం ఈ పని కోసం కాదు, ఒంగోలులో ఇంజినీరింగ్ అయ్యాక అందరిలాగే మాస్టర్స్ కోసం. కానీ ఈ ఊరి గాలే వేరు. పెద్ద టోర్నమెంట్లు నడిపే ఈఎస్‌ఎల్ సంస్థ 2000 నుంచి ఇక్కడే ఉంది. అంతకుముందు లైప్‌జిగ్‌లో జరిగే వీడియో గేమ్స్ ప్రదర్శన స్థానంలో గేమ్స్‌కామ్ 2009లో ఇక్కడ మొదలైంది. ప్రతి ఆగస్టులో ఊరంతా ఆ జనమే. చదువుకుంటూ స్టూడియోల్లో కేబుళ్లు మోశాను, ఆటను ఏ ఆటగాడి కంటితో చూపించాలో ఎంచే అబ్జర్వర్ల పక్కన కూర్చున్నాను, రాత్రుళ్లు చిన్నచిన్న ఆన్‌లైన్ కప్పులకు ఎవరూ పట్టించుకోని వ్యాఖ్యానం చెప్పాను.

ఇక కాగితాల సంగతి. ఇటు రావాలనుకునే మన పిల్లలు ఏ వీడియోలోనూ వినని భాగం ఇదే. జర్మనీలో విద్యార్థి వీసా మీద కంపెనీలో జీతానికి ఏడాదికి 140 పూర్తి దినాలు పనిచేయవచ్చు. సొంతంగా బిల్లు రాసి చేసే పనికి మాత్రం విదేశీయుల కార్యాలయం విడిగా అనుమతి ఇవ్వాలి. హోస్టింగ్ దాదాపు అంతా బిల్లు పనే. స్ట్రీమింగ్ ఛానల్లో ప్రకటనల డబ్బు తీసుకోవడమూ సంపాదనే. అందుకే చదువు నడిచినంతకాలం నా ఛానల్లో ఆ మీట నొక్కలేదు. చదువయ్యాక ఉద్యోగం వెతుక్కోవడానికి 18 నెలలు ఇస్తారు. ఆ గడువులోనే నన్ను మళ్లీ పిలుస్తామని రాసిచ్చే నిర్మాతల ఉత్తరాలు, ఆదాయం అంచనా, ఆరోగ్య బీమా పత్రాలు పోగుచేసి స్వతంత్ర వృత్తి అనుమతికి దరఖాస్తు పెట్టాను. ఈ-స్పోర్ట్స్ హోస్ట్ అంటే ఏమిటో అక్కడి అధికారిణికి చెప్పడానికి నా వీడియో ఒకటి చూపించాను. ఆమె చివరిదాకా చూసి, ఎవరు గెలిచారని అడిగింది.

అనుమతి వచ్చాక ఇంకో చిక్కు. ఇక్కడ డబ్బు సంపాదించే ఏ వెబ్‌సైటు మీదైనా, ఛానల్ మీదైనా యజమాని పేరూ చిరునామా అందరికీ కనిపించేలా రాయాలి. ఒంటరిగా ఉండే ఆడమనిషి, రాత్రి చాట్‌లో ఏమేమి రాస్తారో చదివాక, ఇంటి నంబరు అక్కడ పెట్టగలదా? చిరునామా అద్దెకిచ్చే సంస్థలు ఉన్నాయి, నేనూ అదే చేశాను. చాట్ గురించి పెద్దగా చెప్పను. రంగు మీద, యాస మీద, ఇంకా మిగతావాటి మీద వస్తూనే ఉంటాయి. నా సొంత ఛానల్‌కు మోడరేటర్లు ఉన్నారు, వాళ్లు తుడిచేస్తారు. పెద్ద టోర్నమెంట్ రోజుల్లో నేను చాట్ తెరవను.

అమ్మ అడిగిన జీతం విషయానికి వస్తే, ఆగస్టులో గేమ్స్‌కామ్, సెప్టెంబరులో బెర్లిన్‌లో ఐఎఫ్‌ఏ అనే ఎలక్ట్రానిక్స్ ప్రదర్శన. ఆ రెండు నెలలూ ఊపిరాడదు. కంపెనీల వేదికల మీద కొత్త ల్యాప్‌టాప్‌లూ గ్రాఫిక్స్ కార్డులూ చూపిస్తూ మాట్లాడే టెక్ హోస్టింగ్ అప్పుడే వస్తుంది. నిజానికి టోర్నమెంట్ల కంటే దానికే ఎక్కువ ఇస్తారు, ఎందుకంటే అక్కడ వాళ్లు రాసిచ్చిన మాటే పలకాలి. డిసెంబరు తరవాత ఫోను మోగదు. బిల్లు పంపాక నెలరోజుల్లో రావలసిన డబ్బు ఒక్కోసారి మూడు నెలలకు వస్తుంది. ఆదాయపు పన్ను ముందస్తు వాయిదాలు మాత్రం మార్చి, జూన్, సెప్టెంబరు, డిసెంబరు పదో తేదీల్లో తప్పవు. నిరుటి సంపాదన మీద లెక్కగట్టి అడుగుతారు, ఈ ఏడాది ఎలా ఉందో వాళ్లకు అనవసరం. ఈ పనుల మీద హోటళ్లలో తిరుగుతుండగా ఒకచోట రిసెప్షన్ బల్ల నల్లగా, బంగారు చుక్కలతో మెరుస్తూ కనిపించింది. మా చీమకుర్తి గెలాక్సీ గ్రానైట్. దానికి వీసా బాధ లేదు, నాకంటే ముందే వచ్చి స్థిరపడింది.

నన్ను నిజంగా ఇబ్బంది పెట్టినది మాత్రం డబ్బు లేకపోవడం కాదు, డబ్బు వచ్చే దారి. ఒక టోర్నమెంట్ ఒప్పందంలో, విరామానికి ముందు నేను చదవాల్సిన ప్రాయోజకుల వాక్యాలు ఉన్నాయి. అందులో ఒకటి పందేల వెబ్‌సైటు. ఈ-స్పోర్ట్స్‌లో ఇది కొత్తేమీ కాదు, చాలా టోర్నమెంట్లలో అలాంటి గుర్తులు కనిపిస్తాయి. కౌంటర్ స్ట్రైక్‌లో తాళంచెవి కొని పెట్టె తెరిస్తే అదృష్టం కొద్దీ తుపాకీకి ఒక రంగు వస్తుంది, దాన్ని అమ్ముకోవచ్చు. ఆ రంగులను పణంగా పెట్టి జూదం నడిపిన వెబ్‌సైట్లకు 2016లో ఆట తయారీదారు వాల్వ్ నోటీసులు పంపింది కూడా. అంటే మా వీధిలోవాళ్ల అనుమానం పూర్తిగా గాలిమాట కాదు. ఇన్నాళ్లూ నాన్న తరఫున నేను వాదించింది ఆట మైదానం గురించి. మైదానం చుట్టూ కట్టిన బ్యానర్ల గురించి నేను నోరెత్తలేదు.

మామయ్యకు ఫోను చేశాను. బండలాగుడు దగ్గర కూడా పైపందేలు జరుగుతాయి, అందరికీ తెలుసు. ఆ మాట మైకులో ఎప్పుడైనా చెప్పావా మామయ్యా అని అడిగాను.

“లేదమ్మా. దాత పేరు చదువుతామంటే అతను ఇచ్చాడని. వీళ్లు ఇస్తున్నారా, తీసుకుంటున్నారా?”

ఆ తరవాతి నుంచి నా ఒప్పందాల్లో ఒక షరతు పెడుతున్నాను: పందేల ప్రకటన నేను చదవను. కొందరు నిర్మాతలు దాన్ని రికార్డు చేసిన వీడియోగా వేసుకుంటున్నారు. కొందరు నన్ను పిలవడం మానేశారు. నా వెనక తెర మీద ఆ గుర్తు వెలుగుతూనే ఉంటుంది, నా ఫీజులో దాని సొమ్ము లేదని చెప్పలేను. ఇది సగం నిజాయితీ అని ఒక విశ్లేషకుడు ముఖం మీదే అన్నాడు. సగమైతే సగమే. మిగతా సగానికి ఇంకా దారి వెతుకుతున్నాను, ఈలోగా అద్దె కట్టాలి.

వేసవిలో ఇక్కడ రాత్రి ఎనిమిదంటే మనకు పదకొండున్నర. ఫైనల్ ఉన్న రోజు మామయ్య మేలుకుని చూస్తాడు. ఆట అర్థం కాదు. విరామాల్లో నేను ఎంతసేపు నింపానో చూసుకుంటాడు, మర్నాడు ఫోను చేసి ఎక్కడ తడబడ్డానో చెబుతాడు.

మొన్న పొదిలి నుంచి ఒక అబ్బాయి ఫోను చేశాడు. ఇంజినీరింగ్ చివరి ఏడాది, జర్మనీ రావాలని ఉంది, హోస్ట్ అవ్వాలని ఉంది. వీసా రకాలు, అనుమతులు, బీమా, పన్ను వాయిదాలు, ఖాళీ నెలలు, అన్నీ అరగంటసేపు చెప్పాను. ముందు ఊళ్లో క్రికెట్ టోర్నమెంటుకైనా సరే వ్యాఖ్యానం చెప్పి రికార్డు చేసుకో, రోజూ విను అన్నాను. శ్రద్ధగా అన్నీ రాసుకున్నాడు. చివర్లో అడిగాడు: “అక్కా, ఇంతకీ ఏ మైకు కొనమంటారు?”