పల్లేరు కాయకు ముల్లు ఒక్కటే కాదు

గుంటూరులో మా నాన్న సైకిల్ పంక్చర్లు వేసేవారు. ట్యూబుకి గాలి కొట్టి, నీళ్ల తొట్టిలో కొంచెం కొంచెంగా ముంచుతూ తిప్పేవారు. బుడగలు వచ్చిన చోట అగ్గిపుల్ల గుచ్చేవారు. ఆ పుల్ల అందించడం నా పని.

పోయిన డిసెంబరులో కొండవీడు కొండ కింద స్నేహితుడి చేలో టెంట్ వేసుకున్నాం. పది గంటలకే నా గాలి పరుపు మెత్తబడింది. చలికి లోపలి గాలి కుంచించుకుపోయి కాస్త మెత్తబడటం మామూలే, దాన్ని లీకు అనుకోకూడదు. మళ్లీ ఊదుకుని పడుకున్నాను. రెండింటికి మెలకువ వచ్చేసరికి నడుము నేలకు తగులుతోంది. ఇది లీకే.

ముందు వాల్వ్ చూశాను. అక్కడ ఇసుక రేణువు ఇరుక్కున్నా చాలు, గాలి పోతుంది. తుడిచి, తడి వేలు పెట్టి చూశాను, బాగానే ఉంది. తొట్టి లేదు, చేతిలో ఒక్క నీళ్ల సీసా. పరుపు గట్టిగా ఊది, మోకాలితో నొక్కుతూ, పెదవులు తడి చేసుకుని జానెడు జానెడు వెతికాను. ముందు అతుకులు, తర్వాత అడుగు వైపు. చెవికి ఏమీ వినపడలేదు కానీ, ఒకచోట కింది పెదవికి సన్నటి చల్లదనం తగిలింది. షాంపూ పాకెట్ సగం గ్లాసు నీళ్లలో కలిపి అక్కడ పూశాను. ఆవగింజంత తెల్లటి బుడగ లేచింది, దాని పక్కన ఇంకోటి, చూస్తుండగానే చిన్న గుత్తి అయింది. చుట్టూ బాల్‌పెన్నుతో గీశాను.

ఒక చిల్లు దొరగ్గానే ఆగకురా అనేవారు నాన్న. టెంట్ అడుగు పట్టా ఎత్తితే పల్లేరు కాయ అతుక్కుని ఉంది. దాని ముళ్లు ఒకవైపే ఉండవు కదా! రెండు వేళ్ల దూరంలో రెండో చిల్లు దొరికింది.

ఆ రాత్రికి దుప్పటి మీదే పడుకున్నాను. తడి మీద ప్యాచ్ నిలవదు. తెల్లారాక గాలి మొత్తం తీసి, ఆరబెట్టి, శానిటైజర్‌తో జిడ్డు తుడిచి, పరుపుతో వచ్చిన ప్యాచులే వేశాను. సైకిల్ ట్యూబు సొల్యూషన్ రబ్బరుకి పనికొస్తుంది, ఈ నైలాన్ గుడ్డకి కాదు.

నాన్నకి ఫోన్ చేసి చెబితే, "నీళ్లలో ముంచి చూశావా?" అన్నారు. మధ్యాహ్నం దాకా ప్యాచులు గట్టిపడనిచ్చి, బోరు దగ్గర తొట్టిలో ముంచాను. ఒక్క బుడగ రాలేదు.